సముద్ర విహారము – అభయశాసనము

సూర్యాపేటకును కోదాడకును సముద్రము లేదు. కాని సముద్రమునకు బోవు రాజమార్గము ఆ పట్టణములమీదుగనే సాగుచున్నది. పూణే నగరమున బయలుదేరిన 65వ జాతీయ రహదారి హైదరాబాదు, సూర్యాపేట, కోదాడ, విజయవాడలను దాటి మచిలీపట్టణమున కడలియొడ్డున ముగియును. మిర్యాలగూడవారికి గుంటూరు మీదుగా తీరదేశమును జేర్చు రైలుబాట యున్నది. పూర్వము మన పెద్దలు పుణ్యకాలములందు సముద్రస్నానము చేసి, తీర్థము సేవించి, మఱునాటికి ఇల్లు చేరుచుండిరి. నేడు కాలము మాఱినది. వరికోతలు ముగిసి ధాన్యము మిల్లులకు జేరినపిదపను, పిల్లల పరీక్షలు తీఱినపిదపను, కుటుంబములకు గుటుంబములే సూర్యలంకకును, విశాఖపట్టణమునకును, గోవాకును, అండమాను దీవులకును ప్రయాణమగుచున్నవి. అందును ఉదయమున పడవనెక్కి, దీవినుండి దీవికి దిరిగి, నీటిలో మునిగి పగడములను జూచి, ఇసుకతీరముల విశ్రమించి, ప్రొద్దుగ్రుంకువేళకు రేవు చేరెడి దినమంతటి సముద్ర విహారమన్న మనవారికి మక్కువ మెండయినది. ఇట్టి విహారములను గూర్చియు, వానియందు మనవారి ప్రాణరక్షణమును గూర్చియు నాలుగుమాటలు వ్రాయుట అవసరమని మాకు దోచుచున్నది.

మొదటనే యొకమాట స్పష్టముగా చెప్పుచున్నాము. ఈ విహారములు వ్యర్థమనియు, ధనము నీటిపాలు చేయుటయనియు ఆక్షేపించువారితో మేము ఏకీభవింపజాలము. ఏడాది పొడుగున పొలముగట్లమీదను, ధాన్యపు కాటాలయొద్దను, కచ్చేరులలోను కాలము గడపు గృహస్థు పదిదినములు భార్యాబిడ్డలతో దేశము చూచివచ్చుట దోషము కాదు. కొలది దశాబ్దముల క్రిందటివఱకు "నల్లనీరు దాటుట" యన్న మనవారికి భయము. అండమానునకు బోవుట యనగా తిరిగిరాని ప్రయాణమని అర్థము. 1896 మొదలు 1906 వఱకు అచట గట్టిన సెల్యులార్ జైలులో దేశమునకై బాధలుపడినవారిలో మన తెలుగువారును గలరు. మన్యపు పితూరీలో అల్లూరి సీతారామరాజుతో గలసి పోరాడినవారిని ఆ దీవులకే పంపిరి. నాడు సంకెళ్లతో దాటిన నీటిని నేడు మన బిడ్డలు నవ్వుచు దాటుచున్నారనుట సంతోషింపదగిన విషయమే. 2011వ సంవత్సరపు జనాభాలెక్కలనుబట్టి ఆ దీవులలో నూటికి 13 మంది తెలుగు మాతృభాషగా గలవారు. శ్రీకాకుళము, విశాఖ తీరములనుండి చేపలవేటకై పోయి స్థిరపడిన కుటుంబములు అచట ననేకము. 2024లో శ్రీ విజయపురమని పేరు మాఱిన పోర్టు బ్లెయిరు రేవులో దిగిన కోదాడవాసికి తెలుగుమాట వినబడుట వింత కాదు.

విహారపు తీరు తెలియనివారికై కొంచెము వివరింతుము. పోర్టు బ్లెయిరునుండి బయలుదేరు పడవలు సాధారణముగా పూర్వము రాస్ దీవి యనబడినట్టియు, 2018 డిసెంబరునుండి నేతాజీ సుభాష్ చంద్రబోస్ ద్వీపమని వ్యవహరింపబడుచున్నట్టియు దీవికిని, నార్త్ బే యను తీరమునకును బోవును. పాత ఇరువది రూపాయల నోటు వెనుకవైపున ముద్రింపబడిన కొబ్బరిచెట్ల తీరము ఈ నార్త్ బే దృశ్యమే. ధాన్యపు బజారులో ఆ నోటును వేలమాఱులు లెక్కించిన చేతులు గలవారు ఆ తీరమును గన్నులార జూచుట ఒక ముచ్చట. అచట కన్నులను ముక్కును గప్పు అద్దపు తొడుగు పెట్టుకొని, నోట గొట్టము గఱచి, ముఖము నీటిలోనుంచి, గొట్టముగుండ గాలి పీల్చుచు పైపైన దేలుదురు. దీనినే స్నార్కెలింగు అందురు. నాలుగు మూరల లోతున రంగురంగుల చేపలు, పగడపు దిబ్బలు కనబడును.

ఈ దృశ్యము మన తీరమున ఏల కానరాదని కొందఱు అడుగుదురు. కృష్ణా గోదావరులు యుగయుగములుగా దెచ్చిన ఒండ్రు మన తీరపు నీటిని కలక చేసినది. పగడమునకు వెలుతురు సోకు తేటనీరు కావలయును. మనకు డెల్టా భూములనిచ్చిన యొండ్రే మన తీరమున పగడములను లేకుండ జేసినదన్నమాట. ఇక పగడపు దిబ్బ రాయి కాదు. అది సూక్ష్మప్రాణుల సముదాయము. దానిపై కాలుమోపినచో విఱిగిన కొమ్మ మఱల నెదుగుటకు ఏండ్లు పట్టును. సముద్రజలము మితిమీఱి వేడెక్కుటచే 2010లోను 2016లోను అండమాను పగడములు విస్తారముగా పాలిపోయినవి. అట్టివానిని జ్ఞాపకార్థమని విఱిచి తెచ్చుట నేరము. చట్టము సంగతి యటుంచినను, పరుల పొలమున పైరు ద్రొక్కకూడదని యెఱిగిన వ్యవసాయదారునకు ఇది వేఱుగ బోధింపవలసినది కాదు.

ఇంతవఱకు వినోదము. ఇక ప్రాణముల మాట.

2014 జనవరి 26వ తేదీ, గణతంత్ర దినమునాడు, ఈ చెప్పిన రాస్ దీవికిని నార్త్ బేకును నడుమనే విహారపు పడవ యొకటి మునిగి ఇరువదిమందికి పైగా యాత్రికులు మరణించిరి. పరిమితికి మించి జనమును ఎక్కించుటయే ప్రధానకారణమని నాడు వెల్లడియైనది. అంత దూరమేల? కోదాడనుండి విజయవాడకు బోవు దారిలోనే ఇబ్రహీంపట్నము ఫెర్రీ యున్నది. 2017 నవంబరు 12వ తేదీ, కార్తికమాసపు ఆదివారమునాడు, కృష్ణా గోదావరుల నీరు కలియు పవిత్రసంగమమున హారతి చూడబోవుచున్న యాత్రికుల పడవ అచట బోల్తాపడి ఇరువదిమందికి పైగా మృతినొందిరి. వారిలో ఒంగోలువారు పెక్కుమంది. ఆ పడవకు ఆ దారిని నడచుటకు అనుమతి లేదు. ప్రయాణికుల యొంటిమీద లైఫ్ జాకెట్లు లేవు. 2019 సెప్టెంబరు 15వ తేదీని గోదావరి వఱదలో, దేవీపట్నమునకు ఎగువ కచ్చులూరువద్ద, పాపికొండలకు బోవు పడవ మునిగెను. డెబ్బదిమందికి పైగా ఎక్కిన ఆ పడవనుండి ప్రాణములతో బయటపడినవారు 26 మంది మాత్రమే. మృతులలో వరంగల్లు, హైదరాబాదు ప్రాంతములవారు, విశాఖవారు అనేకులు. కాకినాడకు చెందిన ధర్మాడి సత్యముగారి బృందము శ్రమపడి అక్టోబరు 22వ తేదీని ఆ పడవను వెలికిదీసెను. 2023 మే 7వ తేదీని కేరళదేశమున తానూరునొద్ద, సముద్రమునకు ఏఱు కలియుచోట, విహారపు పడవ మునిగి 22 మంది చనిపోయిరి. అందు పసిబిడ్డలు పెక్కుమంది. అది మొదట చేపలవేట పడవయట. దానిని మార్చి విహారపు పడవగా చేసిరి.

ఈ నాలుగు ఉదంతములను ప్రక్కప్రక్కన నుంచి చదివినవారికి కొన్ని పోలికలు కానవచ్చును. ఏదియు తుపానులో జరిగినది కాదు. మూడింటిలో మనుజుల లెక్క, లేదా అనుమతి, లేదా ఆ రెండును తప్పినవి. నాలుగవదానియందు వఱద పొంగుచుండగా పడవను కదలనిచ్చిరి. మఱియొక సంగతి: అండమాను, ఫెర్రీ, తానూరు ప్రమాదములు మూడును మధ్యాహ్నము తిరిగినపిదపనే జరిగినవి. తానూరు పడవ తిరుగుటకు అనుమతించిన వేళ దాటి చీకటిపడుచుండగా బయలుదేరినది. ఉదయమున నియమములు పాటించిన సరంగు సాయంకాలమున సడలును. ఆఖరు పడవ తప్పిపోవునని ప్రయాణికులు త్రోసికొందురు, ఇంకొక పదిమందిని ఎక్కించినచో మఱియొక తడవ తిరుగు ఇంధనము మిగులునని యజమాని తలచును, గాలి లేచుచుండును, వెలుతురు తగ్గుచుండును. దినమంతటి విహారమున ప్రమాదము పొంచియుండు ఘడియ ఇదియే. అందఱును అలసి, ఆనందముగా, అజాగ్రత్తగా నుండు ఘడియయు నదియే.

మునుగు తీరును గూడ గ్రహింపవలయును. బస్తాలు మీదుమిక్కిలిగా నెత్తిన బండి గోతిలో చక్రము పడగనే ప్రక్కకు ఒరగునని మన రైతులకు తెలియును. పడవయు నట్టిదే. బరువు ఎంతయో అన్నదానికంటె, ఆ బరువు ఎంత ఎత్తున నున్నది, ఏ ప్రక్కన నున్నది యన్నది ముఖ్యము. మేడపడవ పైయంతస్తున నలువదిమంది నిలిచి, డాల్ఫిను కనబడెననియో, ఛాయాచిత్రము దీయవలెననియో ఒక్కమాఱుగా ఒక ప్రక్కకు పరుగెత్తినచో పడవ ఒరగును. ఒరగిన ప్రక్కకే జనము జాఱుదురు. జాఱిన జనముచే ఇంకను ఒరగును. ఇది ముగియుటకు నిమిషములు పట్టవు. క్రింది యంతస్తులోను, అద్దములు బిగించిన గదిలోను నున్నవారికి బయటకు వచ్చు వ్యవధియే యుండదు. లైఫ్ జాకెట్టు బల్లక్రింద మూటగట్టియున్నచో అప్పుడు దానిని వెదకి తొడుగుకొనుట ఎవరి తరమును గాదు. ఉక్కగా నున్నదని కచ్చులూరు పడవలో కొందఱు జాకెట్లు తీసివేసిరని నాటి పత్రికలలో వచ్చెను. ఆ యుక్క ఎంత చిన్న కష్టము!

మన ప్రాంతమువారికి విశేషముగా చెప్పవలసినది ఒకటి కలదు. నాగార్జునసాగరు ఎడమకాలువ 1967లో పాఱినది మొదలు మిర్యాలగూడ, కోదాడ ప్రాంతములవారు నీటితో సహవాసము చేయుచున్నారు. కాలువలో ఈదిన యువకుడు తనకు నీరు క్రొత్త కాదని తలచును. సాగరులో లాంచినెక్కి నాగార్జునకొండకు బోయివచ్చిన గృహస్థు సముద్రమును గూడ అట్టిదే యనుకొనును. కాలువనీరు ఒక దిక్కునకే పాఱును; దాని గట్టు కంటికి కానవచ్చును. సముద్రము అట్లు గాదు. ఒడ్డునకు వచ్చిన యలలనీరు ఎక్కడనో యొక సందు చేసికొని వడిగా లోనికి మరలిపోవును. ఆ సందులో అలలు తక్కువగానుండి నీరు ప్రశాంతముగా గనబడును. క్రొత్తవారు అదియే మంచిచోటని దిగుదురు. అచట చిక్కినవాడు ఒడ్డునకు ఎదురీదినకొలది అలసిపోవును. ఒడ్డునకు సమాంతరముగా కొంతదూరము ప్రక్కకు ఈది, ప్రవాహము దాటినపిదప ఒడ్డునకు రావలెనని తీరమువారికి తెలియును; మెట్టవారికి ఎవరు చెప్పిరి? రామకృష్ణా బీచిలోను సూర్యలంకలోను దిగి ప్రాణములు గోలుపోవుచున్నవారిలో దూరప్రాంతముల విద్యార్థులు తఱచుగా నుండుట ఇందుచేతనే.

స్నార్కెలింగునందును ఇట్టి తెలియనితనమే ప్రమాదము. నీరు మొలబంటి యని ధైర్యము చెప్పుదురు. మొలబంటి నీటిలోనైనను గొట్టములోనికి గ్రుక్కెడు నీరు పోయి ఉక్కిరిబిక్కిరియైనవాడు కేకవేయజాలడు. ముఖము క్రిందికి వాలియుండుటచే దూరమున నున్నవారికి అతడు చేపలను జూచుచున్నట్లే తోచును. గుండెజబ్బు, ఉబ్బసము గల పెద్దలు వైద్యుని యడుగక దీనికి పూనుకొనరాదు. కడుపునిండ భుజించినపిదప దిగరాదు. మద్యము సేవించినవారిని పడవవారే నీటికి దింపరాదు. ఇద్దఱిద్దఱు జతగానుండి ఒకరినొకరు కనిపెట్టుకొని యుండవలయును. తేలించు జాకెట్టును విప్పరాదు.

ఈ నియమములన్నియు క్రొత్తవా? చట్టములు లేవా? కలవు. నదులలోను, జలాశయములలోను నడచు పడవలకు 1917నాటి పాతచట్టము తొలగి 2021లో క్రొత్త అంతర్దేశీయ నౌకల చట్టము వచ్చినది. యంత్రపు పడవకు నమోదు, పరీక్షించిన యోగ్యతాపత్రము, భీమా ఉండవలెనని ఆ చట్టము చెప్పుచున్నది. సముద్రమున దిరుగు పడవలకు నౌకావాణిజ్యపు చట్టములును, రేవుల యధికారుల నిబంధనములును వేఱుగ గలవు. కచ్చులూరు దుర్ఘటనపిదప ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వము పడవలను కనిపెట్టుటకు రేవులయందు నియంత్రణ కేంద్రములను నెలకొల్ప బూనినది. ఇక సముద్రపు స్థితిని ముందుగ దెలుపు సంస్థ మన హైదరాబాదునందే యున్నది. 1999లో ఏర్పడిన భారత జాతీయ మహాసముద్ర సమాచార సేవా కేంద్రము ఏ తీరమున ఎంత యెత్తున అలలు లేచునో, ఏ దినమున పడవలు పోరాదో ప్రకటించుచున్నది. 2004నాటి సునామీ పిదప, 2007నుండి సునామీ హెచ్చరికలను గూడ అచటినుండియే పంపుచున్నారు. సముద్రమునకు ఇన్ని ఆమడల దూరముననున్న నగరము సముద్రపు నాడిని పట్టి చెప్పుచుండగా, ఆ నగరమునకు పొరుగుననే యున్న సూర్యాపేటవాసి ఆ మాట వినక పడవనెక్కుట సబబా? చట్టమును జ్ఞానమును సిద్ధముగనే యున్నవి. అవి రేవులోని చెక్కవంతెనవఱకు చేరకపోవుటయే లోపము.

ఇచట మన ప్రాచీనచరిత్రలోని యొక సంగతి జ్ఞప్తికి వచ్చుచున్నది. సూర్యాపేటకు చేరువనున్న పిల్లలమఱ్ఱి దేవాలయములయందు కాకతీయ గణపతిదేవుని కాలపు 1208నాటి శాసనము గలదు. ఆ గణపతిదేవుడే చీరాలకు చేరువనున్న మోటుపల్లి రేవునందు శకవర్షము 1166లో, అనగా క్రీస్తుశకము 1244 ప్రాంతమున, ఒక అభయశాసనము వేయించెను. అంతకుముందు గాలివానకు తీరమునకు కొట్టుకొనివచ్చి పగిలిన ఓడలలోని సరకునంతయు రాజులు స్వాధీనము చేసికొనుచుండిరట. ప్రాణములకు దెగించి సముద్రయానము చేయువారియెడ దయతలచి, న్యాయమైన సుంకము దక్క మఱేమియు తీసికొనమని ఆ రాజు ప్రతిజ్ఞ చేసెను. ఓరుగల్లున నుండిన ప్రభువు, కడలిని కంట చూడకయే దేశమునేలగల ప్రభువు, సముద్రముమీద పోవువాని భయమును తన భయముగా నెంచెను. ఆ మాటను తాళపత్రముమీద వ్రాయించి భాండాగారమున దాచలేదు. ఓడ దిగువాడు చదువుకొనునట్లు రేవులోనే రాతిమీద చెక్కించెను. మనము నేర్వవలసినది ఇదియే. అభయము ప్రకటింపవలసిన తావు కచ్చేరి కాదు, రేవు.

కావున మేము కోరునవి పెద్ద విషయములు కావు. ప్రతి విహారపు పడవప్రక్కను, ఎక్కుచోటను, జానెడు అక్షరములతో ఆ పడవకు అనుమతించిన మనుజుల సంఖ్యను, నమోదు సంఖ్యను, యోగ్యతాపత్రము గడువుదీఱు తేదీని తెలుగులోను ఆ ప్రాంతభాషలోను వ్రాయించవలయును. ఎక్కినవారిని లెక్కించువాడు పడవయజమాని కూలివాడు గాక వేఱొకడు కావలయును. ఆ లెక్క ఒడ్డున నిలిచియుండవలయును. చివరి పడవ వేళ సూర్యాస్తమయమునకు గంటముందే ముగియవలయును. సముద్రపు హెచ్చరిక వచ్చిన దినమున పడవ కట్టివేసి, ప్రయాణికుల సొమ్ము తిరిగి యిచ్చుట నిబంధన కావలయును. ఏలయన, సొమ్ము వాపసు రాదన్న భయముచేతనే పెక్కుమంది గాలిలో పడవనెక్కుచున్నారు. నాగార్జునసాగరము రెండు రాష్ట్రముల యొడ్డులనడుమ నున్నది గావున, ఒక గట్టున ఒక నియమము, ఆవలిగట్టున ఇంకొక నియమము ఉండరాదు.

రెండవ కోరిక మన పట్టణములలో యాత్రలు కుదుర్చు వర్తకులను గూర్చినది. సూర్యాపేట బజారులోనో, మిర్యాలగూడ రైలుస్టేషను వీధిలోనో కూర్చుండి అండమాను విహారమునకు సొమ్ము పుచ్చుకొనువారు హోటలు గది చిత్రమును చూపుదురు. భోజనమున ఎన్ని కూరలో చెప్పుదురు. ఎక్కబోవు పడవ పేరు చెప్పరు. విత్తనములు కొనునపుడు సంచిమీది చీటి చదువనిదే సొమ్మీయని రైతు, తన బిడ్డలను ఎక్కించు పడవకు చీటి యడుగడా? సొమ్ము చెల్లింపకముందే పడవ పేరు, నమోదు సంఖ్య, అనుమతించిన జనసంఖ్య, భీమా వివరములు రసీదుమీద వ్రాసియిమ్మని ప్రతి గృహస్థుడును పట్టుపట్టవలయును. పదిమంది అట్లడిగినచో పదునొకండవవానికి అడుగక యే వ్రాసి యిత్తురు. కళాశాలల యాజమాన్యములు విద్యార్థులను విహారమునకు పంపునపుడు ఈ వివరములు తల్లిదండ్రులకు ముందుగా నందజేయవలయును.

నియమములు బిగించినచో పడవవారి పొట్టకొట్టుట యగునని కొందఱు వాదింతురు. ఆ వాదమును మేము తేలికగా త్రోసివేయము. తీరమున పడవ నమ్ముకొన్న కుటుంబముల కష్టము నిజమైనది. కాని కచ్చులూరు పిదప ఏమి జరిగినది? పాపికొండల విహారమే ఏడాదికి పైగా నిలిచిపోయినది. ఒక పడవ చేసిన తప్పునకు రేవులోని పడవలన్నియు ఒడ్డునెక్కినవి. నియమముగా నడపినవాని పొయ్యియు ఆఱినది. కావున గట్టి నియమము నిజాయితీగల పడవవానికి రక్షయే గాని శత్రువు కాదు. మఱికొందఱు "వ్రాసియున్నది తప్పునా?" యని విధిపై భారము వేయుదురు. విధి నమ్మువారు సయితము పంటకు భీమా కట్టుచున్నారు, బావికి గిలకయు గట్టుచున్నారు. నీటియొద్దనే విధి గుర్తుకువచ్చుట విచిత్రము.

మూడవది, అన్నిటికంటె చౌకయైనది, ఈత. ప్రపంచ ఆరోగ్యసంస్థ లెక్కలనుబట్టి 2021 ఒక్కసంవత్సరముననే ప్రపంచమున మూడులక్షలమంది నీటమునిగి మరణించిరి. ఆ మరణములు సముద్రములలోకంటె ఇంటిచేరువ చెఱువులు, బావులు, కాలువలలోనే యెక్కువ. ప్రతి సంవత్సరము జూలై 25వ తేదీని మునక మరణముల నివారణ దినముగా పాటింపవలెనని ఐక్యరాజ్యసమితి 2021లో తీర్మానించినది. మన ప్రాంతమున ఊరికొక చెఱువు, పొలమునకొక కాలువ యున్నవి. పూర్వము మోటబావులలో బెండుకట్టలు నడుముకు గట్టి తాతలు మనుమలకు ఈత నేర్పుచుండిరి. బావులు పూడిపోయినవి, బోర్లు వచ్చినవి, ఈత మఱచిపోయితిమి. ఆడపిల్లలకు నేర్పుట అసలే లేదు. పడవ మునిగినపుడు నీరు ఆడ మగ భేదము చూచునా? ఈ మూడు పట్టణముల పురపాలక సంఘములును ఒక్కొక్క ఈతకొలను గట్టించి, బాలురకు బాలికలకు వేర్వేఱు వేళలలో, నేర్పరులైన వారిచే నేర్పించినచో అందులకగు వ్యయము ఒక వీధిదీపముల వరుసకగు వ్యయమునకు మించినను మించుగాక, దాని ఫలము తరతరములకు నిలుచును.

కడపట ప్రయాణికులకు మా విన్నపము. పడవ యెక్కకముందు జనమును మీరే లెక్కింపుడు. వ్రాసిన సంఖ్యకు ఒక్కరు మించినను దిగిపొండు, దిగుటకు సిగ్గుపడకుడు. జాకెట్టు తొడిగి ముడివేసికొని కూర్చుండుడు. పసిబిడ్డలకు తగిన కొలత జాకెట్టు లేనిచో ఆ పడవ మీది కాదు. పైయంతస్తున గుమిగూడకుడు. "మన ఊరివారు ఇంతమంది యెక్కినారు, మనకేమి" యన్న ధైర్యమే పెక్కుమందిని ముంచినది. ఒక కుటుంబములోని పెద్ద గట్టిగా "వలదు" అన్నచో పడవలోని తక్కినవారికి గూడ నోరువచ్చును. ఆ ఒక్కమాట పలుకుటకు బంధువులయెదుట మొగమాటపడుట మన జాతిలోని లోపము. పెండ్లివారి బండి వెళ్లిపోవుచున్నట్లు అందఱును ఎక్కుచుండగా ఒక్కడు నిలుచుట కష్టమే. అయినను ఆ కష్టము నిలిచిన నిమిషము మాత్రమే యుండును.

మోటుపల్లి శాసనమును వేయించిన రాజు లేడు, రాజ్యమును లేదు. నేడు ప్రజలే ప్రభువులు గావున అభయమిచ్చు భారమును ప్రజలదే. వచ్చు సెలవులకు సూర్యాపేటనుండియు, కోదాడనుండియు, మిర్యాలగూడనుండియు బయలుదేరు ప్రతి కుటుంబమును దీవులను గాంచి, పగడములను జూచి, ఎంతమంది పోయిరో అంతమందియు ఇల్లు చేరుదురుగాక యని మా యాకాంక్ష. అందులకై రేవులలోని లెక్క సరిగానుండునట్లు చూచుట ప్రభుత్వముల విధి; ఆ లెక్కను అడుగుట మన విధి.